తెరమీది కదంబము

రేడియోవారి పరిభాషలో కదంబ కార్యక్రమమను మాట యొకటి కలదు. ఒక పాట, ఒక చిన్న నాటిక, నాలుగు హాస్యోక్తులు, ఒక జానపద గేయము, నడుమ ఏదేని యొక వాద్యము - వీనినన్నిటిని ఒక అరగంటలో గుదిగ్రుచ్చి వినిపించినచో దానికా పేరు పెట్టుదురు. పెట్టినవారెవరోగాని పూలబజారు తెలిసినవారై యుందురు. కదంబమనగా మల్లెల దండ కాదు, కనకాంబరముల దండయు కాదు. మల్లె, కనకాంబరము, మరువము, దవనము, చేతికందినదానినెల్ల కలిపి కట్టిన మాల అది. అందు ఒక్కొక్క పూవు సొగసు కొంత తగ్గును, మాల సొగసు పెరుగును. టెలివిజను పుట్టిన కొత్తలో పాశ్చాత్యులను పెట్టె యెదుట కూర్చుండబెట్టినవి ఇట్టి కదంబములే. వానిని గూర్చియు, వానిలో చేరిన పలువిధములైన కళాకారులను గూర్చియు నేడు ముచ్చటింపదలచితిమి. ఐనను లండను, న్యూయార్కు నగరములకు పోకముందు మన కడప జిల్లాలోని గండి కడ కొంతసేపు నిలువవలసి యున్నది. ఈ విద్యకు మేము అచ్చటనే అక్షరాభ్యాసము చేసితిమి.

పాపఘ్ని నది కొండల వరుసను రెండుగా కోసికొని బయటపడిన చోటు గండి. వేంపల్లెకు చేరువనున్నది. ఒడ్డున వీరాంజనేయస్వామి కోవెల. శ్రీరాముడు తన బాణపుమొనతో రాతిపై గీసిన రూపమే అచ్చటి మూలవిరాట్టని స్థలపురాణము. రాముని రాకకై వాయుదేవుడు రెండు కొండల నడుమ బంగారు తోరణము కట్టెనని మఱియొక గాథ. ఆ తోరణము ఎల్లరకు కనబడదట. మద్రాసు గవర్నరుగానుండిన థామస్ మన్రో ఈ దారిన పోవుచు దానిని చూచెననియు, చూచిన కొలది దినములకే, 1827లో, కన్నుమూసెననియు ఈ ప్రాంతమువారు చెప్పుకొందురు. ఒక్కనికే కనబడు తోరణపు కథ యది. అందరికిని ఒకే క్షణమున కనబడు తోరణమును కట్టబూనినవారి సంగతి మేము చెప్పబోవుచున్నది.

శ్రావణమాసమున శనివారములందు గండిలో తిరునాళ్ళ. పులివెందుల, జమ్మలమడుగు, ప్రొద్దుటూరు వైపులనుండి జనము తరలివచ్చును. మా బాల్యమున, అనగా 1960 దశకమున, మేమును బండిలో గడ్డిపై కూర్చుండి పోయెడివారము. దర్శనము పెద్దలకు ముఖ్యము, దర్శనానంతరము మాకు ముఖ్యము. ఇసుకలో ఒకచోట గారడీవాడు బుట్టక్రింద టెంకను పాతి మామిడిమొక్కను మొలిపించుచుండెను. వాని ప్రక్కనే గడనెక్కి బొడ్డుపై గిరగిర తిరుగువాడు. ఆవల గంగిరెద్దు. ఇంకొంచెము దూరమున చెక్కభజనవారు కాళ్ళగజ్జెలతో నేల అదరగొట్టుచుండిరి. కన్నములు గల రేకుపెట్టెలో కాశీని, తాజ్‌మహలును చూపువాడొకడు పాట పాడుచు బొమ్మలు త్రిప్పుచుండెను. ఆ పెట్టెకు కన్ను ఆనించి చూచిన మా తరమువారికి తరువాత వచ్చిన టెలివిజను పెట్టె అంత వింతగా తోపలేదు.

ఆ తిరునాళ్ళలో ఏది ముందు, ఏది తరువాత అని నిర్ణయించువాడెవడును లేడు. ఆ పని చూచువాని కాళ్ళే చేయును. విసుగు కలిగినచోటినుండి కాళ్ళు కదలును, వింతయున్నచోట నిలుచును. చీకటి పడిన తరువాత తోలుబొమ్మలాట తెరయెదుట మాత్రము కథ మారును. అచ్చట వరుసను తెరవెనుకవాడు నిర్ణయించును. రావణుడు సీతను కొనిపోవుచుండగా, జనము కండ్లు తుడుచుకొనుచుండగా, ఉన్నట్టుండి కేతిగాడు ఊడిపడును. వాని వెంట జుట్టుపోలిగాడు, బంగారక్క. వారికిని రామాయణమునకును సంబంధము లేదు. ఊరి కరణముమీద ఒక ఛలోక్తి, అత్తాకోడండ్ర జగడమొకటి, పెద్దలు చెవులు మూసికొనవలసిన మాట యొకటి, అంతట మరల సీత. తెల్లవార్లు జనమును కూర్చుండబెట్టుటకు శోకమొకటే చాలదని ఆ ఆటగాండ్రకు తాతలనాడే తెలియును.

ఈ ఆటగాండ్రలోనుండియే సురభి నాటక సమాజము పుట్టినది. గండి యున్న చక్రాయపేట మండలమునందే సురభి గ్రామమున్నది. తరతరములుగా తోలుబొమ్మలాడించుచు వచ్చిన కుటుంబములవారు, 1885లో ఆ గ్రామమున ఒక పెండ్లి సందర్భమున, బొమ్మలను ప్రక్కన పెట్టి తామే వేషములు ధరించి 'కీచకవధ' ఆడిరి. వారికి నాయకుడు వనారస గోవిందరావుగారు. ఇతర సమాజములందు పురుషులే స్త్రీ పాత్రలు ధరించుచుండిన కాలమున సురభివారి ఆడపడుచులు రంగమెక్కిరి. వారిలో కమలాబాయిగారు 1932లో వచ్చిన తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద'లో లీలావతి పాత్రను ధరించిరి. సురభివారి 'మాయాబజారు' చూచినవారెరుగుదురు: పద్యమున్నది, హాస్యమున్నది, ఆకాశగమనమున్నది, మంటలున్నవి, పళ్ళెములలో భక్ష్యములు వానియంతట అవియే ఘటోత్కచుని నోటికి ఎగిరిపోవుట యున్నది. నాటకమను పేర అది గండి తిరునాళ్ళయే. ఒక కథయను దారముపై గ్రుచ్చిరి, అంతే భేదము.

ఇక సముద్రములు దాటుదము. 1936 నవంబరు 2వ తేదీన లండనులోని అలెగ్జాండ్రా ప్యాలెస్‌నుండి బి.బి.సి. వారు క్రమబద్ధమైన టెలివిజను ప్రసారము ప్రారంభించిరి. బెయిర్డు పద్ధతి, మార్కోనీ-ఇ.ఎం.ఐ. పద్ధతి అని రెండు పద్ధతులు అప్పుడు పోటీలో నుండుటచే ఆనాటి ప్రారంభోత్సవమును రెండు మారులు జరుపవలసి వచ్చెను. పెద్దలు చేసిన ఉపన్యాసమునే మరల చేసిరి. ఉపన్యాసములు ముగిసిన వెనుక ఏమి చూపిరని తలంతురు? అడెల్ డిక్సన్ అను గాయని పాడినది. బక్, బబుల్స్ అను ఇద్దరు నల్లజాతి అమెరికనులు ఆడి, పాడి, నవ్వించిరి. లై ఫౌన్ అను చీనా బృందమువారు పళ్ళెములు త్రిప్పిరి. కొలదివందల పెట్టెలే చూచిన ఆ కార్యక్రమమునకు పెట్టిన పేరు 'వెరైటీ'. తొలినాడే కదంబము కట్టిరి.

అమెరికాలో దీనికి వేరొక పూర్వకథ యున్నది. అచ్చట వాడెవిల్ అను నాటకశాలల వరుస ఉండెడిది. ఒక రాత్రికి ఎనిమిదో తొమ్మిదో అంశములు: గాయకుడు, కుక్కలను ఆడించువాడు, మాటలాడు బొమ్మను ఒడిలో పెట్టుకొన్నవాడు, సైకిలుపై విన్యాసములు చేయువాడు. ఒక్కొక్కనికి పది పండ్రెండు నిమిషములు. ఇందొక విశేషమున్నది, శ్రోతలు దీనిని మనసులో ఉంచుకొనవలెను. ఆ పది నిమిషముల విద్యయే వాని యావజ్జీవపు ఆస్తి. ఈ వారమొక ఊరు, పైవారమింకొక ఊరు. దేశమంతయు చుట్టి మొదటి ఊరికి వచ్చుసరికి అచ్చటివారు మరచియుందురు, లేదా మరల చూడగోరుదురు. ఒకే హాస్యముతో పెండ్లి చేసికొని, పిల్లలను పెంచి, ముసలివారైనవారు అందు లేకపోలేదు. మాటలాడు సినిమాలు వచ్చి ఆ శాలలను మూయించినవి. న్యూయార్కులోని ప్యాలెస్ నాటకశాల 1932లో సినిమాహాలుగా మారెను. కళాకారులు చెదరిపోయిరి.

పదునారేండ్లకు, 1948లో, టెలివిజను వారిని మరల పిలిచినది. ఆ సంవత్సరము జూను 8న మిల్టన్ బెర్ల్ అను హాస్యగాడు ఒక చమురు కంపెనీవారి కార్యక్రమమునకు సూత్రధారుడాయెను. చీర కట్టినట్లుగా ఆడువారి గౌను తొడిగి వచ్చుట, ముఖమునకు పిండి పూయించుకొనుట, ఇవి అతని విద్యలు. మన కేతిగాని పెద్దతమ్ముడనుకొనవచ్చును. పండ్రెండు దినములకు, జూను 20న, ఎడ్ సల్లివన్ కార్యక్రమము మొదలయ్యెను. ఈయన ఆటగాడు కాడు, పాటగాడు కాడు. వార్తాపత్రికలో శీర్షిక వ్రాయువాడు. కెమెరాముందు కఱ్ఱవలె నిలుచుండును, ముఖమున నవ్వుండదు, పేర్లు తప్పుపలుకును. ఐనను 1971 వరకు, ఇరువదిమూడేండ్లు, ఆదివారపు రాత్రి అమెరికా ఆయనదే. మొదటినాటి వరుస చూడుడు: డీన్ మార్టిన్, జెర్రీ లూయిస్ అను హాస్యజంట, సంగీతనాటకకర్తలు రోజర్స్, హామర్‌స్టీన్, యూజీన్ లిస్ట్ అను శాస్త్రీయ పియానో విద్వాంసుడు, కుస్తీలవంటి ముష్టియుద్ధములకు మధ్యస్థుడుగానుండు రూబీ గోల్డ్‌స్టీన్, పాట పాడు అగ్నిమాపక ఉద్యోగి యొకడు. ఇందు ఎవరిని ఎవరి ప్రక్కన కూర్చుండబెట్టినను ఊరిలో పంచాయతి తప్పదు!

సల్లివన్‌కు తెలిసినదొకటే విద్య, వరుస కూర్చుట. ఆర్భాటముగా మొదలుపెట్టవలెను, నడుమ మంచి హాస్యముండవలెను, పిల్లలకేదైన ఉండవలెను, ఇంటిల్లిపాదియు కలిసి చూడదగినట్లుండవలెను. ఆదివారము మధ్యాహ్నము జనమును పిలిచి పూర్తి ప్రయోగము చూచెడివాడు. చూచి, రాత్రికి వరుస మార్చెడివాడు. ఆరు నిమిషముల హాస్యమును మూడు నిమిషములకు కోయుమనెడివాడు. ఒక్కొక్కమారు ఒక అంశమును పూర్తిగా తీసివేసెడివాడు. మరియొక సంగతి ఆయనకు మెప్పుగా చెప్పవలెను. నల్లవారిని తెరపై ఆదరించుట దక్షిణ రాష్ట్రములలోని కొందరు వ్యాపారులకు గిట్టనికాలమున, లూయీ ఆర్మ్‌స్ట్రాంగ్‌వంటి వారిని, తరువాత సుప్రీమ్స్ అను గాయనీబృందమును ఆయన వెనుదీయక పిలిచి సగౌరవముగా నిలిపెను. కదంబములో చేరిన పూవునకు కులమడుగరాదని ఆయన నమ్మినట్లున్నది.

ఇక 1964 ఫిబ్రవరి 9వ తేదీ రాత్రి. ఇంగ్లండునుండి వచ్చిన బీటిల్స్ అను నలుగురు యువకులు ఆ వేదికపై పాడిరి. ఏడుకోట్ల ముప్పదిలక్షలమంది చూచిరని లెక్క. ఈ సంగతి లోకమంతయు ఎరుగును. ఆ రాత్రి వారితోబాటు మఱెవరుండిరో అడిగినచో చెప్పువారు అరుదు. ఫ్రెడ్ కాప్స్ అను డచ్చి ఐంద్రజాలికుడుండెను, జగమెరిగిన నిపుణుడు. ఫ్రాంక్ గోర్షిన్ అను ధ్వన్యనుకరణ కళాకారుడుండెను. 'ఆలివర్' అను సంగీతనాటకమునుండి వచ్చిన బాలనటుడుండెను. మిట్జీ మెకాల్, చార్లీ బ్రిల్ అను యువదంపతులు, హాస్యకళాకారులు, ఉండిరి. ఆ దంపతులకు అది జీవితమున గొప్ప అవకాశము. మధ్యాహ్నపు ప్రయోగము చూచి సల్లివన్ వారిని పిలిపించి, వచ్చినవారందరును చిన్నపిల్లలు, మీ హాస్యము వారికి అందదు, మార్చుడని చెప్పెను. ఉన్న కొన్ని గంటలలో ఉన్నదానిని విప్పి, మరల కుట్టుకొని వేదికపైకి పోయిరి. జనము నవ్వలేదు. వారు వచ్చినది ఆ నలుగురికొఱకు. ఆ రాత్రి వైఫల్యము తమ్మెంతకాలము వెంటాడినదో ఆ దంపతులు చాలయేండ్ల తరువాత చెప్పుకొనిరి. మాల సొగసు పెరుగునపుడు పూవు సొగసు తగ్గునని మొదట అంటిమి. ఎంత తగ్గునో వారినడుగవలెను.

మనదేశపు వాడొకడు ఈ పెట్టెను ఎట్లు వశపరచుకొనెనో కూడ ఇచ్చట చెప్పుట న్యాయము. 1956 ఏప్రిలులో వంగదేశపు ఐంద్రజాలికుడు పి.సి. సర్కారుగారు బి.బి.సి. వారి 'పనోరమా' కార్యక్రమమున ఒక యువతిని రంపముతో రెండుగా కోసెడి విద్యను ప్రదర్శించిరి. కోయుట యైనది. యువతిని లేపబోగా ఆమె కదలలేదు. ఇంతలో వేళ ముగిసినదని వ్యాఖ్యాత సెలవు పుచ్చుకొనెను. యువతి నిజముగా మరణించినదనుకొని బి.బి.సి. వారి టెలిఫోనులు స్తంభించునంతగా జనము పిలిచిరి. మరునాటి పత్రికలలో అదే వార్త. సర్కారుగారి లండను ప్రదర్శనములకు అంతకు మించిన ప్రచారము కలదా? తనకిచ్చిన నిమిషములు చాలకపోవుట ఇతరులకు శాపము, ఆయన దానినే విద్యగా మలచుకొనెను. ఐనను ఇట్టి యుక్తి ఒక్కమారే పారును.

ఆ 'ఒక్కమారే' యనుమాటకడ మేము ఆగుచున్నాము. వాడెవిల్ కళాకారుని పది నిమిషముల ఆస్తిని మనసులో ఉంచుకొనుడంటిమి. టెలివిజనులో ఆ పది నిమిషములను దేశమంతయు ఒకే రాత్రి చూచును. మరునాడు ఏ ఊరికి పోయినను, ఆ విద్య అచ్చటికి ముందే పోయి కూర్చుండియుండును. తండ్రి ముప్పదియేండ్లు తిన్న పంటను కొడుకు ఒక పూటలో కోసి ఇచ్చివేసినట్లగును. పైవారము రండి, ఈమారు క్రొత్తది తెండి యని పెట్టె అడుగును. క్రొత్తది ఎక్కడనుండి తెచ్చును?

ఇది దూరదేశపు గాథ యనుకొనవలదు. మన దేశమున ఢిల్లీలో 1959 సెప్టెంబరు 15న టెలివిజను ప్రారంభమైనను, 1975-76లో ఉపగ్రహముద్వారా ఆరు రాష్ట్రములలో 2400 గ్రామములకు బొమ్మ చూపిన ప్రయోగమున మన రాష్ట్రపు పల్లెలును చేరినను, మా ప్రాంతపు ఇండ్లలోనికి పెట్టె వచ్చుసరికి 1980 దశకము సగము గడిచెను. ఆ రోజులలో మాకు తెలిసిన పగటివేషగాడొకడుండెను. పేరు చెప్పము. పగటివేషములవారి పద్ధతి శ్రోతలలో పెద్దవారెరుగుదురు. ఒక ఊరిలో దిగినచో దినమునకొక వేషము. ఒకనాడు సోమయాజులు, సోమిదేవమ్మ; ఒకనాడు ఫకీరు; ఒకనాడు సగము మీసము, సగము ముక్కుపుడకతో అర్ధనారీశ్వరుడు. వేషములన్నియు ముగిసిన కడపటి దినమున ఇంటింటికి వచ్చి సంభావన పుచ్చుకొందురు. ఊరికి ఊరే ఒక వారపు కార్యక్రమపత్రిక, మన యిల్లే రంగస్థలము.

ఆ మనిషిని ఒక టెలివిజను కేంద్రమువారు పిలిపించిరి. బస్సెక్కి పోయెను. ఒక పగలంతయు వసారాలో కూర్చుండబెట్టి, సాయంకాలము ఐదు నిమిషములలో ఎన్ని వేషములు చూపగలవో అన్నియు చూపుమనిరి. గాయకురాలికిని, నృత్యబృందమునకును నడుమ అతని ఐదు నిమిషములు. అతడు పొంగిపోయి తన సంచిలోని వేషములెల్ల విప్పినాడు. కార్యక్రమము ప్రసారమైన రాత్రి ఊరంతయు ఒక ఇంటి ముంగిట చేరి చూచినది, మేమును చూచితిమి, చప్పట్లు కొట్టితిమి. మరుసటి సంవత్సరము కోతలైన తరువాత అతడు మా యింటికి వచ్చి అరుగుపై కూర్చుండి చెప్పిన మాట ఇది: "యా ఊరికి పోయినా టీవీలో చూసినాంలేప్పా అంటాండారు సామీ. ముప్పైరెండు యేసాలూ ఒక్క పూటకే తినేసింది ఆ పెట్టె." ఆనాడు చప్పట్లు కొట్టినవారిలో ఒకరమగుటచే మాకు సమాధానము తోచలేదు. కాఫీ ఇచ్చి పంపితిమి.

అప్పటినుండి ఈ విషయమై ఆలోచించుచునే యున్నాము. వినగా వినగా రుచి పెరుగు విద్య యొకటి కలదు, వినగా తరుగు విద్య యొకటి కలదు. పాట మొదటిది. నూరుమార్లు విన్న పాటనే నూటయొకటవమారు కోరి విందుము. గారడీ, హాస్యోక్తి, వేషము రెండవజాతివి, గుట్టు తెలిసిన పిదప వానికి ప్రాణము సగమే. రెంటిని ఒకే మాలగా కట్టి వారము వారము చూపుచు పోయినచో ఏమగును? ఏది మిగులునో అదే మిగులును. మన వివిధభారతి 1957 అక్టోబరు 3న మొదలైనపుడు దానికి 'పంచరంగీ' కార్యక్రమమని పేరు, ఐదు రంగులలో నేడు జనులకు జ్ఞప్తియున్నది సినిమాపాటయే. దూరదర్శనులో శుక్రవారపు 'చిత్రలహరి'కి వీధులు నిర్మానుష్యమైనవి. 1996లో ఈటీవీలో ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యంగారు ఆరంభించిన 'పాడుతా తీయగా' పాటను మాత్రమే నమ్ముకొని దశాబ్దములు నిలిచినది. ఆ కార్యక్రమమును మేము తప్పక చూచెడివారము, దానిపై మాకు ఫిర్యాదు లేదు. ఐనను అది మల్లెల దండ. కదంబములోని మరువము, దవనము ఏమైనవని అడుగుట తప్పు కాదుగదా.

ఈ ఆకలిగొన్న పెట్టెకు లొంగని విద్య మా ప్రాంతమున ఒకటి లేకపోలేదు. ప్రొద్దుటూరు అవధానములకు పెట్టినది పేరు. దుర్భాక రాజశేఖర శతావధానిగారు, గడియారం వేంకటశేషశాస్త్రిగారు అచ్చట వెలసినవారే. అష్టావధానమును కదంబముగా ఎవరును తలంపరు గాని చూడుడు: ఒకరు సమస్య నిత్తురు, ఒకరు దత్తపది, ఒకరు నిషిద్ధాక్షరి, ఒకరు గంట కొట్టి లెక్క పెట్టుమందురు, ఒకరు నడుమ నడుమ అప్రస్తుతప్రసంగము చేసి నవ్వింతురు. అచ్చముగా ఎనిమిది అంశముల వెరైటీ, ఆడువాడు మాత్రము ఒక్కడే! దానిని రేడియోలో వినిపించినను, టెలివిజనులో చూపినను, మరునాడు ఇంకొక ఊరిలో మరల క్రొత్తదే. ఏలయన సగము సరకు అవధాని యింటినుండి రాదు, అడిగెడివారి యింటినుండి వచ్చును. సురభివారు నేటికిని జీవించియుండుటకు కారణము వేరు. పళ్ళెములోని లడ్డు ఘటోత్కచుని నోటికి ఎగురుట తెరపై ఎవనికిని వింత కాదు, సినిమాలో అంతకంటె పెద్దవి ఎగిరినవి. మన కన్నులయెదుట, పది గజముల దూరమున, దారము కనబడకుండ ఎగురుటయే వింత. అది పెట్టెలో పట్టదు.

మొన్నటి శ్రావణమున మరల గండికి పోయితిమి. బండ్లకు మారుగా ఆటోలు, కార్లు. గారడీవాడు లేడు, రేకుపెట్టెవాడు లేడు. చెక్కభజన మాత్రము మైకులతో సాగుచున్నది. కోవెల మెట్లకు కొంచెము దిగువ, నల్లకోటు తొడిగి, మెడలో ఎఱ్ఱ టై కట్టి, చేత మొక్కజొన్న కండెకు నల్లగుడ్డ చుట్టి పట్టుకొన్న యువకుడొకడు వచ్చిపోవువారిని అడ్డగించి ప్రశ్నలడుగుచుండెను. వెనుక వాని తమ్ముడు అట్టపెట్టెను భుజముపై పెట్టుకొని కెమెరావలె త్రిప్పుచుండెను. మా అరుగుపై కాఫీ త్రాగినవాని మనుమలని తెలిసికొంటిమి. టెలివిజనువాని వేషము, ముప్పదిమూడవది. చుట్టు నిలిచినవారు నవ్వలేక నవ్వుచుండిరి. వాడొక ముసలమ్మ ముందు కండె పెట్టి, స్వామికేమి మొక్కుకొంటివని అడిగెను. ఆమె కండెవంక, అట్టపెట్టెవంక మార్చి మార్చి చూచి, "ఇది యా ఛానల్లో వస్తాది నాయనా?" అనెను.

"గండి ఛానల్లో అవ్వా. ఈడ నిలబడుకున్నోళ్ళకే వస్తాది."

ముసలమ్మ కొంగుముడి విప్పసాగినది.